రుష్యభాషలోని మూఁడు గృహపదములు

మాస్కోనగరమునందలి ప్రగతి, రాదుగ ప్రచురణాలయములవారు ప్రకటించిన యాంధ్రానువాదములను జదివినవారికి సోవియట్టు కార్మికకుటుంబము క్రొత్తది కాదు. ఐనను ఆ కుటుంబముయొక్క దినచర్య చక్కఁగా బోధపడుటకు మూఁడు పదముల వ్యుత్పత్తి నెఱుఁగవలయును. అవి కొమ్మునాల్క, ఖ్రుష్చోవ్క, అవోస్క. మూఁడును 'క'ప్రత్యయాంతములే.

'కొమ్మునాల్నయ క్వర్తీర' యనఁగా ఉమ్మడినివాసము. అందు విశేష్యము లోపింపఁగా విశేషణముపై 'క' చేరి కొమ్మునాల్క యైనది. 1917వ సంవత్సరపు విప్లవానంతరము నగరములందలి పెద్దయిండ్లు పంచఁబడఁగా, పెక్కు కుటుంబములకు ఒక్కొక్క గదియే లభించెను. అదియే పడకటిల్లు, అదియే పిల్లల చదువుచోటు. వంటయిల్లును స్నానపుగదియు అందఱికి నుమ్మడి. వీధిగంట యెన్నిమాఱులు మ్రోగినచో నే కుటుంబమువారు తలుపు తీయవలయునో నియమ ముండెడిది.

ఖ్రుష్చోవ్క నికీతా ఖ్రుష్చోవు పేరునుండి పుట్టినది. 1957 జూలైలో వెలువడిన గృహనిర్మాణశాసనము పిమ్మట ఇట్టి యిండ్లు విరివిగా లేచినవి. ఇవి తఱచుగా ఐదంతస్తులవి, లిఫ్టు లేనివి. పెక్కులు కర్మాగారమునఁ బోతపోసిన కాంక్రీటు పలకలతోఁ గూర్పఁబడినవి. వంటయిల్లు సుమారు 6 చదరపు మీటర్లు. ఇల్లు ఇఱుకే, కాని తలుపు తమది.

అవోస్క దారముతో నల్లిన వలసంచి. 'అవోస్' అను నవ్యయమునకు 'ఏమో, దొరకవచ్చును' అని భావము. సరకుల కొఱతగల దినములలో గృహిణి పనికిఁ బోవుచు దీనిని మడిచి వెంటఁ గొనిపోయెడిది. త్రోవలో నెచ్చటనైన వరుస కనఁబడినచో నిలుచుటకే. ఇచ్చట ఆశయే సంచి యైనది.

పాణిని 'క'ప్రత్యయమును కుత్సార్థమునను, అనుకంపార్థమునను, అల్పార్థమునను విధించెను. అశ్వకము చెడుగుఱ్ఱము, పుత్రకుఁడు జాలిగొలుపు బిడ్డఁడు, వృక్షకము పొట్టిచెట్టు. ఆ రీతి ననుసరించి యీ రుష్యపదములందును నిందయే కలదని కొందఱికిఁ దోఁపవచ్చును. అది సరి కాదు. ఖ్రుష్చోవ్కను నిందింపఁదలఁచినవారు మురికివాడ యను నర్థముగల 'త్రుష్చోబ'తోఁ గలిపి 'ఖ్రుష్చోబ' యని వేఱుపదమును గల్పించుకొనిరి. మొదటి పదమునందే నింద యున్నచో రెండవదానితోఁ బని యేమి? కావున నిందలి 'క' నిత్యపరిచయమును దెలుపు సంజ్ఞార్థకమని నా తలంపు.

1991లో సోవియట్టు రాజ్యము అంతరించినను ఈ మాటలు నిలిచియున్నవి. అనువాదకులు వీనిని 'కొంప' యనియో 'గోతము' అనియో తెనిఁగించినచో, ఆ గృహస్థులు పలుకని యీసడింపును మనము వారి నోట నుంచినవార మగుదుము.