మాటల్లేవ్.. ముఖం లేదు.. చేయి ఒక్కటే హీరో! ఆస్పత్రిలో పుట్టిన ఈ షార్ట్ ఫిల్మ్ కథ తెలుసా?

డైలాగ్ లేదు. మ్యూజిక్ లేదు. స్క్రీన్ మీద కనిపించేది ఒక్క చేయి మాత్రమే. అయినా దాదాపు 60 ఏళ్లుగా ఈ షార్ట్ ఫిల్మ్ గురించి మాట్లాడుకుంటూనే ఉన్నారు. పేరు ‘హ్యాండ్ మూవీ’. 1966లో తీశారు. అసలు ఇందులో అంత ఏముంది? చూద్దాం..

ఆస్పత్రిలోనే డ్యాన్స్

ఇవోన్ రైనర్ అమెరికాకు చెందిన డ్యాన్సర్, కొరియోగ్రాఫర్. అప్పట్లో ఆమె సర్జరీ చేయించుకుని ఆస్పత్రిలో ఉన్నారు. స్టేజీ ఎక్కే పరిస్థితి లేదు. కానీ చేయి కదులుతోంది కదా.. ఆ చేత్తోనే డ్యాన్స్ చేశారు. తోటి డ్యాన్సర్ విలియం డేవిస్ 8 ఎంఎం కెమెరాతో షూట్ చేశారు. వేళ్లు వంగుతాయి, సాగుతాయి, ఒకదాన్నొకటి రుద్దుకుంటాయి. అరచేయి తిరుగుతుంది. అంతే!

ముద్రలకు, దీనికి తేడా ఏంటి?

కూచిపూడిలో చేతి ముద్రకు సందర్భాన్ని బట్టి ఒక అర్థం ఉంటుంది. సింగీతం శ్రీనివాసరావు తీసిన ‘పుష్పక విమానం’ (1987)లోనూ డైలాగులు ఉండవు. అక్కడ సైగలే కథ చెబుతాయి. రైనర్ వేళ్లు మాత్రం ఏ కథా చెప్పవు. అర్థం దొరక్కపోవడంతో మన చూపు కదలిక మీదకే వెళ్తుంది. వేలు ఎక్కడ తడబడింది? ఎక్కడ బిగుసుకుంది? ఒంట్లో ఓపిక లేని మనిషి ఇంకా డ్యాన్సరేనని ఆ కదలికే చెప్పేస్తుంది.

అలసిపోయే చేయి

రెండేళ్ల తర్వాత, 1968లో శిల్పి రిచర్డ్ సెర్రా ‘హ్యాండ్ క్యాచింగ్ లెడ్’ తీశారు. పై నుంచి సీసం ముక్కలు పడుతుంటాయి. ఒక చేయి వాటిని పట్టుకోవడానికి ప్రయత్నిస్తుంటుంది. కొన్ని దొరుకుతాయి, వెంటనే వదిలేస్తుంది. చాలా వరకు జారిపోతాయి. నిమిషాలు గడిచేకొద్దీ చేయి నల్లబడుతుంది, అలసిపోతుంది. నటించడానికి ముఖమే లేదు. అయినా ఆ అలసట మనకు తెలిసిపోతుంది.

మీరూ ట్రై చేయొచ్చు

ఇలాంటి సినిమా చూసేటప్పుడు ‘దీనర్థం ఏంటి?’ అని వెంటనే అడగొద్దు. ‘ఆ చేతికి ఏం జరుగుతోంది?’ అని చూడండి. షార్ట్ ఫిల్మ్ తీయాలనుకునేవాళ్లకూ ఇదే పాఠం. పెద్ద సెట్ అక్కర్లేదు. ఇంట్లో పూలు కట్టే చేతులనో, పిండి కలిపే చేతులనో ఒక నిమిషం క్లోజప్‌లో తీసి, మ్యూట్‌లో పెట్టి చూడండి. రోజూ చూసే చేతులే.. కొత్తగా కనిపిస్తాయి!