ఎడతెగని విద్యుత్తు

శస్త్రచికిత్స నడుమ విద్యుత్తు ఆగినచో రోగి ప్రాణమునకే ముప్పు. జనరేటరు అందుకొనుటకు కొన్ని సెకనులు పట్టును. ఆ వ్యవధియందు ఆదుకొను సాధనమే యు.పి.యస్.

దీనిలో ముఖ్యభాగములు మూడు. రెక్టిఫయరు 230 వోల్టుల ఏకాంతర విద్యుత్తును ఏకముఖ విద్యుత్తుగా మార్చును. బ్యాటరీ ఆ శక్తిని నిలువ చేయును. ఇన్వర్టరు దానిని మరల ఏకాంతర విద్యుత్తుగా మార్చి యంత్రముల కందించును. ‘ఆన్‌లైన్’ రకమునందు ఇన్వర్టరు ఎల్లవేళల పనిచేయుచునే యుండును. కావున సరఫరా ఆగినను యంత్రములు ఆగవు.

అయితే సరఫరా ఉన్నంతకాలము బ్యాటరీ లోపము బయటపడదు. ఉష్ణోగ్రత 25 డిగ్రీలకు మించి మరి 10 డిగ్రీలు పెరిగినచో సీసపు బ్యాటరీ ఆయువు ఇంచుమించు సగమగును. తెలుగునాట వేసవిలో ఈ జాగ్రత్త మరింత అవసరము. అందుచే కొలత సాధనములు వోల్టేజిని, ఉష్ణోగ్రతను, భారమును అనుక్షణము గమనించి, తేడా వచ్చినచో గంట మ్రోగించును. అంతియేకాక, నియమిత కాలములందు బ్యాటరీపై భారము మోపి, అది ఎన్ని నిమిషములు నిలుచునో పరీక్షింపవలెను. నిర్ణీత సామర్థ్యములో 80 శాతమునకు తగ్గినచో దానిని మార్చవలెను.

కావలివానిని నియమించుట ఎంత ముఖ్యమో, అతడు మేలుకొని యున్నాడా యని చూచుటయు అంత ముఖ్యము.