పాటను రాయడం నేర్చుకున్న రాజయ్య



మన హాస్టళ్లలో పాడేవాళ్లకు ఏనాడూ కొదవ లేదు. బకెట్ బోర్లించి దరువు వేసేవాడొకడు, ఒక్కసారి విన్న పాటను మర్నాటికల్లా అప్పజెప్పేవాడొకడు ప్రతి బ్యాచ్‌లోనూ ఉంటారు. "వాడిది దేవుడిచ్చిన గొంతురా" అని మెచ్చుకుంటాం. పదో తరగతి అయ్యాక ఆ గొంతు ఏమైపోతుందో మాత్రం ఎవరమూ అడగం. సహజంగా అబ్బిన విద్య ఎంత దూరం తీసుకుపోతుంది? అక్కడి నుంచి ముందుకు పోవాలంటే ఏం కావాలి? ఈ ప్రశ్నలకు సంగీత దర్శకుడు ఇళయరాజా గారి జీవితంలో చక్కటి జవాబు ఉంది. అందుకే ఈ వ్యాసం.

ఊరు, అన్న, హార్మోనియం

తమిళనాడులో పడమటి కనుమల కింద పన్నైపురం అనే చిన్న ఊరు ఉంది. ఇప్పుడది తేని జిల్లాలో ఉంది. 1943లో అక్కడ ఒక దళిత కుటుంబంలో ఇళయరాజా జన్మించారు. పెట్టిన పేరు జ్ఞానదేశికన్. బడిలో పిలిచిన పేరు రాజయ్య. మన పల్లెల్లో కూడా వీధికొక రాజయ్య ఉంటాడు కదా! ఆయనా అలాంటి రాజయ్యే.

నాట్లప్పుడు, కోతలప్పుడు పాడుకునే పాటలు, జాతరలో డప్పులు, చావుకు శోకాలు... ఇవే ఆయన విన్న తొలి సంగీతం. పెద్దన్న పావలర్ వరదరాజన్ స్వయంగా పాటలు కట్టి పాడే కళాకారుడు. ఊరూరా కమ్యూనిస్టు పార్టీ సభల్లో ఆయన బృందం పాడేది. పద్నాలుగేళ్ల వయసులో రాజయ్య ఆ బృందంలో చేరారు. తర్వాత సుమారు పదేళ్లు దక్షిణాది అంతా తిరిగారు. ఆయన మొదటి బడి ఆ వేదికే అనుకోవచ్చు. సభకు వచ్చినవాళ్లు టికెట్ కొని కూర్చున్నవాళ్లు కారు, పాట నచ్చకపోతే లేచి వెళ్లిపోతారు. జనాన్ని మొదటి చరణంలోనే ఎలా పట్టుకోవాలో ఆయన అక్కడ నేర్చుకున్నారు. 1964లో నెహ్రూ మరణించినప్పుడు కవి కణ్ణదాసన్ రాసిన స్మృతిగీతానికి బాణీ కట్టారు. అదే ఆయన తొలి స్వరరచన అని చెబుతారు.

చెవితో విని, చేత్తో హార్మోనియం వాయించి, గొంతుతో పాడడం అప్పటికి బాగా వచ్చింది. ఊళ్లో ఉండి ఉంటే అంతటితో "మంచి కళాకారుడు" అనిపించుకునేవారు. కథ అక్కడితో ఆగిపోయేది.

మద్రాసులో రెండో బడి

1968లో అన్నదమ్ములు మద్రాసు రైలెక్కారు. అప్పుడు తల్లి చిన్నతాయమ్మాళ్ ఇంట్లో ఉన్న రేడియో అమ్మి ఆ డబ్బు చేతికిచ్చిందని ఇళయరాజా స్వయంగా చెప్పారు. పాట వినడానికి ఆ ఇంట్లో ఉన్న ఒకే ఒక్క వస్తువు అది. పాట నేర్చుకోవడానికి వెళ్లే కొడుకుల కోసం తల్లి దాన్ని వదులుకుంది. మనలో చాలామంది ఇళ్లలో ఇలాంటి త్యాగం ఏదో ఒకటి ఉంటుంది. మన ట్రంకు పెట్టె కొన్న డబ్బు ఎక్కడి నుంచి వచ్చిందో అమ్మను అడిగి చూడండి.

మద్రాసులో ఆయనకు ధన్‌రాజ్ మాస్టారు దొరికారు. మైలాపూరులో ఒక లాడ్జి గదిలో ఉంటూ పాశ్చాత్య సంగీతం నేర్పిన గురువు ఆయన. అప్పటికి రాజయ్య వయసు పాతికేళ్లు. పదేళ్లపాటు వేదికల మీద వాయించిన మనిషి అ, ఆలు దిద్దే పిల్లవాడిలా మళ్లీ మొదటి నుంచి మొదలుపెట్టారు. రాజయ్య అనే పేరును "రాజా" అని కుదించింది కూడా ఈ మాస్టారే. లండన్ ట్రినిటీ సంగీత కళాశాల పరీక్ష ఇక్కడి నుంచే రాసి, క్లాసికల్ గిటార్‌లో బంగారు పతకం సాధించారు. తర్వాత టి.వి.గోపాలకృష్ణన్ గారి దగ్గర కర్ణాటక సంగీతం కూడా నేర్చుకున్నారు.

చదువుకుంటూనే పొట్టపోసుకోవాలి. సలీల్ చౌదరి వంటి సంగీత దర్శకుల దగ్గర గిటారు, ఆర్గాన్ వాయించారు. కన్నడ సినిమాల్లో పేరున్న జి.కె.వెంకటేష్ దగ్గర సహాయకుడిగా ఎన్నో చిత్రాలకు పనిచేశారు. తెర మీద పేరు పడని ఆ ఏళ్లే ఆయన్ని తయారు చేశాయి.

ఐదు గీతల విద్య

ఇంతకీ ఆయన కొత్తగా నేర్చుకున్నది ఏమిటి? సంగీతాన్ని కాగితం మీద రాయడం, రాసినదాన్ని చదవడం.

పాశ్చాత్య పద్ధతిలో అడ్డంగా ఐదు గీతలు గీస్తారు. ఆ గీతల మీద, మధ్యలో గుర్తులు పెడతారు. గుర్తు పైకి పోతే స్వరం హెచ్చు, కిందికి వస్తే తగ్గు. గుర్తు ఆకారాన్ని బట్టి ఆ స్వరాన్ని ఎంతసేపు పలకాలో తెలుస్తుంది. ఒక్కో వాయిద్యానికి ఒక్కో వరుస. వయొలిన్లకు ఒకటి, వేణువుకు ఒకటి, గిటారుకు ఒకటి, ఇలా వరుసలన్నీ ఒకదాని కింద ఒకటి పేరుస్తారు. అడ్డంగా చదివితే ఒక వాయిద్యం నడక తెలుస్తుంది. నిలువుగా చదివితే ఒకే క్షణంలో అన్ని వాయిద్యాలూ ఏం పలుకుతున్నాయో తెలుస్తుంది.

దీనివల్ల లాభం ఏమిటంటే, గాయకుడు ఒక బాణీ పాడుతుండగా వయొలిన్లు రెండో బాణీ, బేస్ గిటారు మూడో బాణీ నడపవచ్చు. మూడూ వేరువేరు దారుల్లో పోతూ ఒకదానికొకటి అడ్డు రాకుండా కలవాలి. ఇన్ని పోగులు చెవిలోనే ఉంచుకుని నేయడం కష్టం, కాగితం మీదైతే సాధ్యం. ఇళయరాజా పాటల్లో బేస్ గిటారు ఒక్కదాన్నే పట్టుకుని వినండి. అదే ఒక వేరే పాటలా వినిపిస్తుంది!

ఆ రోజుల్లో పాట రికార్డింగు అంటే గాయకులు, వాయిద్యకారులు అందరూ ఒకేసారి పాడాలి, వాయించాలి. ఒకరు తప్పితే అందరూ మళ్లీ మొదటికి రావాల్సిందే. స్టూడియో అద్దె, కళాకారుల కూలి అన్నీ లెక్కే. మనసులో ఉన్న సంగీతాన్ని చకచకా రాసి, ఎవరి భాగం వాళ్లకు ఇవ్వగల మనిషి ఉంటే పని పరుగెత్తుతుంది. ఆయన ఒకే ఏడాదిలో పదుల సినిమాలు చేయగలగడానికి ఈ రాతే ముఖ్య కారణం.

పల్లె పాటే పెట్టుబడి

1976లో 'అన్నక్కిళి' అనే తమిళ చిత్రంతో పంజు అరుణాచలం ఆయనకు తొలి అవకాశం ఇచ్చారు. అప్పటికే మన చిత్తూరు జిల్లాకు చెందిన ఎ.ఎం.రాజా అనే సంగీత దర్శకుడు ఉండడంతో, చిన్న అనే అర్థం వచ్చే "ఇళయ" చేర్చి ఇళయరాజా అని పేరు పెట్టారు. ఆ సినిమా పాటల్లో పల్లె బాణీ ఉంది. దాని చుట్టూ కొత్త వాద్యగోష్ఠి ఉంది. జనం వెంటనే గుర్తుపట్టారు, అది తమ పాట అని!

ఇక్కడ గమనించవలసిన విషయం ఒకటుంది. పెద్ద విద్య నేర్చాక ఆయన పన్నైపురాన్ని దాచుకోలేదు. కొత్త విద్యతో ఊరి పాటకు బలం చేకూర్చారు. అన్నగారి పేరు మరవకుండా సోదరులు తమ చిత్ర నిర్మాణ సంస్థకు 'పావలర్' పేరే పెట్టుకున్నారు. బాణీలే కాక తమిళంలో ఎన్నో పాటలకు సాహిత్యం కూడా ఆయనే రాశారు. మణిరత్నం తీసిన 'ఇదయ కోవిల్' (1985) టైటిల్ పాట మాటలు ఆయనవే.

తెలుగువాళ్లకు ఆయన పరాయివాడు కాడు. 'సీతాకోకచిలుక' (1981), 'సితార' (1984), 'స్వాతిముత్యం' (1986), 'గీతాంజలి' (1989), 'జగదేకవీరుడు అతిలోకసుందరి' (1990), 'శ్రీరామరాజ్యం' (2011)... చెప్పుకుంటూ పోతే పేజీలు చాలవు. ఆయనకు వచ్చిన ఐదు జాతీయ అవార్డుల్లో రెండు తెలుగు చిత్రాలకే. 'సాగర సంగమం' (1983) ఒకటి, 'రుద్రవీణ' (1988) రెండోది. 'రుద్రవీణ' చూడనివాళ్లు తప్పక చూడండి. సంగీతం ఎవరి సొత్తు, ఎవరి కోసం అని కులం అడ్డుగోడ ముందు నిలబడి అడిగే కథ అది. మిగిలిన మూడు 'సింధు భైరవి' (1985), 'పళశ్శిరాజా' (2009), 'తారై తప్పట్టై' చిత్రాలవి. చివరిది 2016లో విడుదలైంది. ఆయన వెయ్యో చిత్రంగా ప్రచారం పొందింది. తారై అంటే బూర, తప్పట్టై అంటే మన డప్పుకు దగ్గరి చుట్టం. డప్పు కొట్టి ఆడిపాడి బతికే కళాకారుల కథకు నేపథ్య సంగీతం ఇచ్చి జాతీయ గౌరవం పొందడం ఎంత ముచ్చటైన విషయం!

తెర దాటి

సినిమా ఒక్కటే ఆయన లోకం కాలేదు. తమిళ భక్తి కావ్యం 'తిరువాచకం'ను బుడాపెస్ట్ వాద్యబృందంతో కలిపి 2005లో విడుదల చేశారు. 1993లో లండన్‌లో రాయల్ ఫిల్హార్మోనిక్ ఆర్కెస్ట్రాతో ఒక సింఫనీ రికార్డు చేశారు కానీ అది బయటికి రాలేదు. అంతటితో వదిలిపెట్టారా? లేదు. 2025 మార్చి 8న, ఎనభై ఒక్క ఏళ్ల వయసులో, తన 'వేలియంట్' సింఫనీని లండన్ వేదిక మీద వినిపించారు. ప్రభుత్వం 2010లో పద్మభూషణ్, 2018లో పద్మవిభూషణ్ ఇచ్చింది. 2022లో రాజ్యసభకు నామినేట్ చేసింది.

వివాదాలూ వచ్చాయి. తన పాటలను అనుమతి లేకుండా కచేరీల్లో పాడవద్దని 2017లో ఎస్.పి.బాలసుబ్రహ్మణ్యం గారికి నోటీసు పంపినప్పుడు అభిమానులు బాధపడ్డారు. తర్వాత ఇద్దరూ కలిసి మళ్లీ వేదిక ఎక్కారు. అయితే ఆ గొడవలో ఒక న్యాయమైన ప్రశ్న కూడా ఉంది. పాట కట్టినవాడికి పాట మీద హక్కు ఎంత? 2012లో కాపీరైట్ చట్టాన్ని సవరించి స్వరకర్తలకు, రచయితలకు రాయల్టీలో వాటా దక్కేలా చేశారు. మన తాతముత్తాతలు కట్టిన వేల పాటలకు పేరూ లేదు, పైసా లేదు. ఎందుకంటే అవి ఎవరి పేరు మీదా రాసి లేవు.

మనం చేయగలిగింది

తమ్ముళ్లూ, చెల్లెళ్లూ! చెవి, గొంతు, దరువు మనకు ఇంటి నుంచే వచ్చాయి. అందుకు సిగ్గుపడవద్దు. అవి ఉన్నాయి కదా అని చదువు ఆపవద్దు. పాతికేళ్లకు కూడా కొత్తగా అక్షరాలు దిద్దవచ్చని రాజయ్య చూపించారు. విజయనగరంలో 1919లో ప్రారంభమైన సంగీత కళాశాల ఉంది. ఘంటసాల గారు చదివింది అక్కడే. హైదరాబాదులో, విజయవాడలో కూడా ప్రభుత్వ సంగీత కళాశాలలు ఉన్నాయి. పాడేవాళ్లు ఇంజనీరింగు, డిగ్రీలతో పాటు ఆ గడప గురించి కూడా వాకబు చేయండి.

అంతవరకూ ఒక పని చేయండి. ఈ సెలవులకు ఇంటికి వెళ్లినప్పుడు ఒక నోటు పుస్తకం తీసుకుపోండి. నాయనమ్మకో అమ్మమ్మకో వచ్చిన పాటలు రాసుకోండి. పాట కింద ఆమె పేరు, ఊరి పేరు, తేదీ వేయండి. సంగీతం రాయడం రేపు నేర్చుకోవచ్చు. మాటలు రాయడం మనకు ఇవాళే వచ్చు.