సేమ్యా పోగంత పాము

వానపామును మనం పాము అంటాం గాని, అది పాము కాదు. ఏలికపామూ అంతే, రెండూ పురుగులే. పాము కానివాటికి పాము అని పేరు పెట్టుకున్న మనం, నిజంగా పామైనదాన్ని చూసి వానపాము అనుకొని ఊరుకోవడమూ కద్దు. అలా వానపాములాగే కనిపించే పాముల్లో, ప్రపంచం మొత్తానికి అతి చిన్నదిగా పేరుపడ్డదాని సంగతి ఇవాళ చెప్పుకుందాం.

వెస్టిండీస్ దీవుల తూర్పు కొసన, అట్లాంటిక్ సముద్రంలో బార్బడోస్ అనే దీవి ఉంది. క్రికెట్ పిచ్చి ఉన్న ఇళ్ళల్లో ఈ పేరు కొత్త కాదు. సోబర్స్ పుట్టింది అక్కడే. దీవి మొత్తం విస్తీర్ణం సుమారు 430 చదరపు కిలోమీటర్లు. ఈ పాము పుట్టిల్లూ అత్తిల్లూ అదొక్కటే. పొడవు 10 సెంటీమీటర్లు. లావు ఎంతంటారా? ఉడికిన సేమ్యా పోగంత! 2008లో బ్లెయిర్ హెడ్జెస్ అనే అమెరికా శాస్త్రజ్ఞుడు ఇది ప్రత్యేకమైన జాతి అని నిర్ధారించి, దానికి తన భార్య కార్లా పేరు పెట్టారు. పాముకు మన పేరు పెడితే మనం ఊరుకుంటామా చెప్పండి! కాని ఆమె కూడా పాములను పరిశోధించే శాస్త్రజ్ఞురాలే. ఆవిడకు అది గౌరవమే.

ఈ పాము రాళ్ళ కింద, తడి మట్టిలో బతుకుతుంది. చీమల పిల్లలు, చెదల పిల్లలు దాని ఆహారం. అన్ని పాములూ గంపెడు పిల్లల్ని కంటాయని కదా మనం అనుకుంటాం. ఇది మాత్రం ఒక్కసారికి ఒక్కటే గుడ్డు పెడుతుంది. పిల్ల పుట్టేసరికే తల్లి పొడవులో సగం ఉంటుంది. ఎందుకలాగ? రెండు గుడ్లు పెడితే పిల్లలు మరీ చిన్నవైపోతాయి. అంత చిన్న నోటికి పట్టే ఆహారం మట్టిలో దొరకదు. అందుకని ఉన్న శక్తంతా ఒక్క బిడ్డకే పెడుతుంది ఆ తల్లి.

ఒక్క బిడ్డ మీద ఆశ పెట్టుకున్న ఇంట్లో ఆ బిడ్డకు ఏమైనా అయితే వంశం ఏమవుతుంది? ఈ పాముకు వచ్చిన కష్టం అలాంటిదే. 1627లో ఇంగ్లీషువాళ్ళు బార్బడోస్‌లో కాపురం పెట్టారు. తర్వాత చెరకు తోటల కోసం దీవిలోని అడవిని దాదాపు అంతా నరికేశారు. ఇప్పుడు అక్కడక్కడా చిన్న తునకలు మిగిలాయి. ఇరవై ఏళ్ళ దాకా ఈ పాము ఎవరికీ కనబడకపోయేసరికి, ఇక లేదేమో అనుకున్నారు. అక్కడి పర్యావరణ శాఖవారు, రీవైల్డ్ అనే సంస్థతో కలిసి ఏడాదికి పైగా వెతికారు. చివరికి 2025 మార్చిలో ఒక చెట్టు వేరు కింద ఇరుక్కున్న రాయిని ఎత్తి చూస్తే, వానపాముతో పాటు ఇదీ కనిపించింది! విశ్వవిద్యాలయానికి తీసుకెళ్ళి, మైక్రోస్కోపు కింద వీపు మీది లేత చారలు చూసి రూఢి చేసుకొని, తిరిగి ఆ అడవిలోనే వదిలిపెట్టారు.

మైక్రోస్కోపు దేనికంటే, దీన్ని పోలిన మరో పాము ఆ దీవిలో ఉంది. అది మన వైపు నుంచి వెళ్ళిందే! ఈస్టిండియా కంపెనీలో పనిచేసిన పాట్రిక్ రసెల్ అనే డాక్టరు విశాఖపట్నంలో దొరికిన ఆ పామును 1796లో అచ్చయిన తన పుస్తకంలో వర్ణించారు. అక్కడివాళ్ళు చెప్పిన ‘రెండు తలల పాము’ అన్న తెలుగు పేరునే తన ఇంగ్లీషు స్పెల్లింగులో అచ్చు వేయించారు. తలా తోకా ఒకే లావుగా ఉంటాయి గనుక ఆ పేరు. గుడ్డిపాము అన్నా ఇదే. ఈ జాతిలో మగవి కనబడలేదు, అన్నీ ఆడవే. మగదిక్కు లేకుండానే గుడ్లు పెట్టి పిల్లల్ని చేస్తాయి. అందుకే పూలకుండీ మట్టిలో ఒక్కటి వెళ్ళినా చాలు, అక్కడ సంసారం ఏర్పడిపోతుంది. ఇలాగే ఓడల్లో మొక్కలతో పాటు దేశదేశాలూ తిరిగింది. బార్బడోస్ పాముకు ఆ వీలు లేదు. మిగిలిన ఆ పిసరు అడవిలోనే ఆడదానికి మగది ఎదురుపడాలి.

మన ఇళ్ళల్లో వానాకాలం స్నానాలగది తూములోంచో, తులసికోట మట్టిలోంచో వచ్చేది ఈ గుడ్డిపామే కావచ్చు. వానపాముకు ఒంటి నిండా ఉంగరాల్లాంటి గీతలుంటాయి, జిగురుగా ఉంటుంది. గుడ్డిపాము నున్నగా, నల్లగా మెరుస్తుంది. కళ్ళు సన్నని చుక్కల్లా, కనీకనబడకుండా ఉంటాయి. విషం లేదు. మనల్ని కరవడానికి దాని నోరే చాలదు. చెవిలో దూరుతుందన్న భయమూ అక్కర్లేదు. చెదల్నీ చీమల గుడ్లనీ తింటుంది గనుక మనకు ఉపకారే. ఒక అట్టముక్క మీదికి ఎక్కించి మొక్కల మొదట్లో వదిలేయండి.

అయితే ఒక్క జాగ్రత్త. మెడ, తల విడిగా తెలుస్తున్నా, ఒంటి మీద కట్లున్నా, ఏమాత్రం అనుమానం కలిగినా దగ్గరికి పోవద్దు, పిల్లల్ని పోనివ్వద్దు. పిల్ల కట్లపాముకూ విషం ఉంటుంది. పాముల్ని పట్టడం తెలిసినవారిని పిలవండి.

అనుమానం లేనిచోట మాత్రం చీపురు ఎత్తేముందు ఒక్క నిమిషం ఆగి చూడండి. పక్కనున్న పిల్లలకూ చూపించండి. మనం కొడితే వాళ్ళూ కొడతారు, మనం వదిలితే వాళ్ళూ వదులుతారు. బార్బడోస్‌లో రాయెత్తి చూసినవారు ఆ సేమ్యా పోగును వానపామేలే అని వదిలేసి ఉంటే, అది బతికే ఉందని మనకు తెలిసేదే కాదు.