మీ పట్టా మీద ఆ పేరు ఎలా వచ్చింది?

మద్రాసులో అతిథిగా మొదలై, అనంతపురంలో స్థిరపడి, విశ్వవిద్యాలయంగా ఎదిగిన ఓ ఇంజినీరింగ్ కాలేజీ కథ ఇది. గూడూరులో చదివి ఉద్యోగం వెతుక్కునేవారికి ఈ చరిత్రతో పనేంటి? చాలానే ఉంది.

గూడూరు చుట్టుపక్కల బీటెక్ చదివారా? అయితే మీ ప్రొవిజనల్ సర్టిఫికెట్ ఓసారి తీసి చూడండి. చదివింది గూడూరులో. పరీక్షలు రాసింది ఇక్కడే. మీలో చాలామంది సర్టిఫికెట్ల మీద మాత్రం ‘జవహర్‌లాల్ నెహ్రూ సాంకేతిక విశ్వవిద్యాలయం, అనంతపురం’ అని ఉంటుంది. రేణిగుంట దాటి, కడప దాటి, రాయలసీమ ఆ కొసన ఉన్న ఊరు అది. నాలుగేళ్లలో ఒక్కసారైనా అక్కడికి వెళ్లనివారు కూడా తమ పట్టా మీద ఆ ఊరి పేరుతోనే ఉద్యోగాలకు బయలుదేరుతారు.

దరఖాస్తులో ‘కాలేజీ’కి ఒక గడి, ‘యూనివర్సిటీ’కి ఇంకో గడి ఉంటాయి. రెండింటికీ తేడా తెలియక తప్పు నింపేవారున్నారు. ‘మాది అనుబంధ కాలేజీయే కదా’ అని ఇంటర్వ్యూలో ముడుచుకుపోయేవారూ ఉన్నారు. ఈ రెండు ఇబ్బందులూ పోవాలంటే ఆ పేరు వెనక కథ తెలియాలి.

సొంత గూడు లేని కాలేజీ

1946. రెండో ప్రపంచ యుద్ధం ముగిసి ఏడాదే అయింది. మనమంతా అప్పుడు మద్రాసు ప్రెసిడెన్సీలోనే ఉన్నాం. ప్రభుత్వ ఇంజినీరింగ్ చదువంటే చాలాకాలంగా మద్రాసులోని గిండీయే. మరోవైపు ప్రాజెక్టులు మొదలవుతున్నాయి. రాయలసీమకు నీళ్లిచ్చే తుంగభద్ర డ్యామ్‌కు 1945లోనే శంకుస్థాపన జరిగింది. ఆనకట్టలకు, రోడ్లకు, కరెంటుకు ఇంజినీర్లు కావాలి.

ఆ ఏడాదే రెండు కొత్త కాలేజీలు పుట్టాయి. ఒకటి విశాఖపట్నం పేరుతో మొదలై కాకినాడలో స్థిరపడింది. రెండోది అనంతపురం ఇంజినీరింగ్ కాలేజీ. పేరులో అనంతపురం ఉన్నా, తరగతులు మొదలైంది గిండీ ఆవరణలోనే. రెండేళ్ల తర్వాత, 1948లో, కాలేజీ తన సొంత ఊరికి చేరింది.

ఒక్కసారి ఆలోచించండి. ఈరోజు రాయలసీమలోనూ నెల్లూరు ప్రాంతంలోనూ లెక్కలేనంతమంది పట్టాల మీద కనిపిస్తున్న ఆ పేరుకు మూలమైన కాలేజీ, మొదటి రెండేళ్లు ఇంకొకరి ఆవరణలో సర్దుకుంది. పేరున్న ఊరు ఒకటి, పాఠం చెప్పిన ఊరు మరొకటి. అయినా చదువు ఆగలేదు.

నాలుగు పేర్లు మారిన పట్టా

మొదట్లో ఈ కాలేజీకి పట్టాలిచ్చే అధికారం లేదు. పాఠాలు కాలేజీవి, పట్టా మద్రాసు విశ్వవిద్యాలయానిది. 1953లో ఆంధ్ర రాష్ట్రం ఏర్పడింది. 1954లో తిరుపతిలో శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయం వచ్చింది. దాంతో అనంతపురం కాలేజీ ఎస్వీయూ గొడుగు కిందకు మారింది.

అసలు మలుపు 1972లో. సాంకేతిక విద్యను ఒకే గొడుగు కిందకు తేవాలని ఆనాటి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ప్రత్యేక చట్టం చేసింది. ఆ ఏడాది అక్టోబరు 2న జేఎన్టీయూ ఏర్పడింది. అనంతపురం, కాకినాడ, హైదరాబాద్ ప్రభుత్వ ఇంజినీరింగ్ కాలేజీలు, హైదరాబాద్‌లోని లలితకళల కాలేజీ అందులో భాగమయ్యాయి. ఎవరో ఇచ్చిన సిలబస్ చెప్పడం, ఎవరో పెట్టిన పరీక్షకు పిల్లల్ని తయారుచేయడం వరకే ఉన్న కాలేజీలు, ఇక సిలబస్ రాసే వ్యవస్థలోనే భాగమయ్యాయి.

ఆ తర్వాత ప్రైవేటు ఇంజినీరింగ్ కాలేజీల కాలం వచ్చింది. 1990ల మొదట్లో చట్టాన్ని సవరించి, బయటి కాలేజీలకు అనుబంధం ఇచ్చే అధికారం జేఎన్టీయూకు కల్పించారు. కాలేజీలు పెరిగేకొద్దీ పరీక్షలు, మూల్యాంకనం, పట్టాల పని కూడా పెరిగింది.

చివరికి 2008 ఆగస్టులో జేఎన్టీయూను విభజించారు. హైదరాబాద్, కాకినాడ, అనంతపురం మూడూ విడి విశ్వవిద్యాలయాలయ్యాయి. లలితకళలు, ఆర్కిటెక్చర్‌కు హైదరాబాద్‌లోనే మరొకటి వచ్చింది. ఉమ్మడి అనంతపురం, కర్నూలు, కడప, చిత్తూరు, నెల్లూరు జిల్లాలు అనంతపురం పరిధిలోకి వెళ్లాయి. గూడూరు అప్పుడు నెల్లూరు జిల్లాలోనిది. మీ సర్టిఫికెట్ మీద అనంతపురం పేరు రావడానికి కారణం అదే.

మద్రాసు, ఎస్వీయూ, జేఎన్టీయూ, జేఎన్టీయూ అనంతపురం. ఒకే కాలేజీలో చదివిన నాలుగు తరాల చేతుల్లో నాలుగు పేర్ల పట్టాలు. చదువుకున్న కాలేజీ మాత్రం ఒక్కటే.

మన పక్కనే ఇలాంటివి ఇంకా ఉన్నాయి

ఇది అనంతపురానికే పరిమితమైన కథ కాదు. గూడూరులో రైలెక్కితే రెండు మూడు గంటల్లో చేరే చెన్నైలో, గిండీ కాలేజీ మూలాలు 1794లో పెట్టిన సర్వే పాఠశాలలో ఉన్నాయి. 1978లో అది అన్నా విశ్వవిద్యాలయానికి కేంద్రమైంది. ఉత్తరాదిలో రూర్కీ కాలేజీ 1847లో మొదలై, 1949లో విశ్వవిద్యాలయమై, 2001లో ఐఐటీగా మారింది.

బీఏ, బీకామ్, బీఎస్సీ చదివినవారికి కూడా దగ్గరి ఉదాహరణే ఉంది. కావలిలో ఎస్వీయూ నడిపిన పీజీ కేంద్రం, 2008లో ఏర్పడిన విక్రమ సింహపురి విశ్వవిద్యాలయంలో భాగమైంది. అందుకే గూడూరులో ఒకే డిగ్రీ కాలేజీలో చదివిన బాబాయి పట్టా మీద ఎస్వీయూ, మీ పట్టా మీద సింహపురి ఉంటాయి. రెండూ చెల్లుతాయి. మీది ‘కొత్త యూనివర్సిటీ’ అని ఎవరైనా తేలిగ్గా మాట్లాడితే కంగారు పడకండి. చట్టం ద్వారా ఏర్పడిన రాష్ట్ర విశ్వవిద్యాలయం ఇచ్చే పట్టా, పాతదైనా కొత్తదైనా పట్టాయే.

క్యాంపస్ వేరు, అనుబంధం వేరు

మన దేశంలో డిగ్రీ ఎవరు ఇవ్వొచ్చో 1956 నాటి యూజీసీ చట్టం స్పష్టంగా చెప్పింది. కేంద్ర, రాష్ట్ర చట్టాలతో ఏర్పడిన విశ్వవిద్యాలయాలు, డీమ్డ్ హోదా పొందిన సంస్థలు, పార్లమెంటు ప్రత్యేకంగా అధికారం ఇచ్చిన సంస్థలు. అంతే. మామూలు కాలేజీ ఎంత పెద్దదైనా సొంతంగా డిగ్రీ ఇవ్వలేదు. మీ కాలేజీ కింది నాలుగింటిలో ఏదో తెలుసుకోండి.

యూనివర్సిటీ కాలేజీ: విశ్వవిద్యాలయమే సొంతంగా నడిపేది. అనంతపురం, పులివెందుల, కలికిరి ఇంజినీరింగ్ కాలేజీలు జేఎన్టీయూ అనంతపురానికి ఇలాంటివే.

అనుబంధ కాలేజీ: యాజమాన్యం వేరు. సిలబస్, పరీక్షలు, పట్టా విశ్వవిద్యాలయానివి.

అటానమస్ కాలేజీ: సిలబస్, పరీక్షలు కాలేజీవే. పట్టా ఇచ్చేది మాత్రం విశ్వవిద్యాలయమే.

డీమ్డ్ సంస్థ: సొంతంగా పట్టా ఇస్తుంది. అయితే పేరులో నేరుగా ‘యూనివర్సిటీ’ అని పెట్టుకోకూడదని 2017లో యూజీసీ ఆదేశించింది. ‘డీమ్డ్ టు బీ యూనివర్సిటీ’ అని రాసుకోవచ్చు.

మీరు చదువుతుండగానే కాలేజీ హోదా మారితే? సాధారణంగా ముందు చేరిన బ్యాచ్‌లకు పాత విశ్వవిద్యాలయమే పట్టా ఇస్తుంది. మీ బ్యాచ్‌కు ఎవరిస్తారో కాలేజీ ఆఫీసులో అడిగి రాతపూర్వకంగా తీసుకోండి. గేటు దగ్గర బోర్డు మారింది కదా అని రెజ్యుమేలో పేరు మార్చేయకండి.

రెజ్యుమేలో చేసే పెద్ద తప్పు

కాలేజీ పేరు చిన్నదిగా అనిపించి, కొందరు రెజ్యుమేలో ‘బీటెక్, జేఎన్టీయూ అనంతపురం’ అని మాత్రమే రాస్తారు. చదివేవారికి అది యూనివర్సిటీ క్యాంపస్ అనే అనిపిస్తుంది. ఆఫర్ లెటర్ వచ్చాక కంపెనీలు సర్టిఫికెట్ల వెరిఫికేషన్ చేయిస్తాయి. అందులో అసలు కాలేజీ పేరు బయటపడుతుంది. అబద్ధం రాయాలన్న ఉద్దేశం మీకు లేకపోవచ్చు. అవతలివారికి మాత్రం దాచినట్టే కనిపిస్తుంది. చేతికొచ్చిన ఉద్యోగం ఇలాంటి చిన్న గడి దగ్గర పోగొట్టుకోవడం ఎందుకు?

రాయాల్సిన పద్ధతి సులువు. ముందు కాలేజీ పేరు, ఊరు. పక్కనే ‘జేఎన్టీయూ అనంతపురం అనుబంధం’. అటానమస్ అయితే ఆ మాట కూడా చేర్చండి. సర్టిఫికెట్‌లో ఉన్న అక్షరాలే దరఖాస్తులోనూ ఉండాలి.

శాతం దగ్గర కూడా జాగ్రత్త. సీజీపీఏను పదితో గుణించేస్తే శాతం వచ్చేస్తుందని చాలామంది అనుకుంటారు. మీ విశ్వవిద్యాలయం ఏ సూత్రం ఇచ్చిందో దాన్నే వాడండి. ఇస్రో సైంటిస్టు/ఇంజినీర్ పోస్టుల ప్రకటనల్లో 65 శాతం లేదా పదికి 6.84 సీజీపీఏ అడిగారు. ఇలాంటి చోట అర మార్కు తేడాతోనే అర్హత మారిపోతుంది.

విదేశాలకు వెళ్లాలనుకునేవారు ఇంకో సంగతి చూడాలి. న్యాక్ గుర్తింపు కాలేజీ మొత్తానికి. ఎన్‌బీఏ గుర్తింపు మీ బ్రాంచికి. మన ఎన్‌బీఏ 2014లో వాషింగ్టన్ ఒప్పందంలో పూర్తిస్థాయి సభ్యత్వం పొందింది. కానీ ఆ ఒప్పందం కింద గుర్తింపు టైర్-1 కోర్సులకే వర్తిస్తుంది. విశ్వవిద్యాలయాలు, అటానమస్ కాలేజీలు ఆ విభాగంలో దరఖాస్తు చేస్తాయి. అనుబంధ కాలేజీలవి టైర్-2. మీ బ్రాంచికి మీరు చదివిన ఏళ్లలో ఏ గుర్తింపు ఉందో ఎన్‌బీఏ వెబ్‌సైట్‌లో చూసుకోవచ్చు.

మహిమలూరు నుంచి డీఆర్‌డీఓ దాకా

మరి పట్టా మీది పేరే భవిష్యత్తును తేలుస్తుందా? మన ప్రాంతం మనిషినే చూడండి. డాక్టర్ జి.సతీశ్‌రెడ్డిది నెల్లూరు జిల్లా ఆత్మకూరు దగ్గర మహిమలూరు. జేఎన్టీయూ అనంతపురం కాలేజీలో ఎలక్ట్రానిక్స్ అండ్ కమ్యూనికేషన్ చదివారు. 1986లో హైదరాబాద్‌లోని రక్షణ పరిశోధన ప్రయోగశాల డీఆర్‌డీఎల్‌లో చేరారు. క్షిపణులకు దారి చూపే నావిగేషన్ వ్యవస్థలపై పనిచేశారు. 2018లో డీఆర్‌డీఓ ఛైర్మన్ అయ్యారు.

ఆయన చదివేనాటికి ఆ కాలేజీ జేఎన్టీయూలో చేరి కొన్నేళ్లే అయింది. పేరు ఆయన్ని తలుపు దాకా తీసుకెళ్లి ఉండొచ్చు. లోపల మూడు దశాబ్దాలు నిలబెట్టింది ఆయన నేర్చుకున్న పని. ఎంఎస్, పీహెచ్‌డీ కూడా ఉద్యోగంలో ఉండగానే జేఎన్టీయూ హైదరాబాద్ నుంచి పూర్తిచేశారు. పట్టాతో చదువు అయిపోయిందనుకోలేదు.

మీకు కూడా దగ్గర్లోనే అవకాశాలున్నాయి. ఒకవైపు కృష్ణపట్నం పోర్టు, థర్మల్ కేంద్రం. ఇంకోవైపు నాయుడుపేట, శ్రీసిటీ పరిశ్రమలు. సూళ్లూరుపేట దాటితే శ్రీహరికోట. అక్కడి ఇంటర్వ్యూల్లో ‘మీ యూనివర్సిటీ గురించి చెప్పండి’ అంటే తడుముకోకండి. 1946లో గిండీలో మొదలైన కాలేజీ నుంచి 2008 దాకా నాలుగు వాక్యాల్లో చెప్పండి. ఆ వెంటనే మీ కాలేజీ ల్యాబ్‌లో మీరు స్వయంగా చేసిన ప్రాజెక్టులోకి రండి. మొదటి భాగం మీ శ్రద్ధ చూపిస్తుంది. రెండో భాగమే ఉద్యోగం తెస్తుంది.

ఈ వారమే చేయాల్సిన పనులు

• పదో తరగతి, ఇంటర్, డిగ్రీ సర్టిఫికెట్లలో పేరు, ఇంటిపేరు అక్షరాలు ఒకేలా ఉన్నాయా చూడండి. తేడా ఉంటే ఇప్పుడే సవరణకు దరఖాస్తు చేయండి. ఆఫర్ వచ్చాక పరుగెత్తితే సమయం చాలదు.

• ప్రొవిజనల్‌తో సరిపెట్టుకోకండి. ఒరిజినల్ డిగ్రీకి, అంటే ఓడీకి, దరఖాస్తు చేయండి. అర్హత పొందాక 180 రోజుల్లోగా డిగ్రీ ప్రదానం చేయాలని యూజీసీ 2008 నిబంధనలు చెబుతున్నాయి.

• మీ మెమోలు, డిగ్రీ డిజిలాకర్‌లోకి వచ్చాయో లేదో చూడండి. వెరిఫికేషన్ వేగంగా అవుతుంది. అనంతపురం, నెల్లూరు తిరగాల్సిన పని తగ్గుతుంది.

• పీజీకి, విదేశాలకు ట్రాన్‌స్క్రిప్ట్స్ కావాలంటే పట్టా ఇచ్చిన విశ్వవిద్యాలయాన్నే అడగాలి. అటానమస్ కాలేజీవారు ముందు తమ కాలేజీ పరీక్షల విభాగంలో కనుక్కోవాలి.

• ఎవరైనా ‘యూనివర్సిటీ’ అని చెప్పి అడ్మిషన్ ఇస్తుంటే, యూజీసీ వెబ్‌సైట్‌లోని జాబితాలో ఆ పేరు ఉందో లేదో చూశాకే ఫీజు కట్టండి. నకిలీ విశ్వవిద్యాలయాల జాబితా కూడా అక్కడే ఉంటుంది.

విశ్వవిద్యాలయాలు రేపు మళ్లీ విడిపోవచ్చు. 2022లో కాకినాడ పరిధిలో నుంచి విజయనగరంలో జేఎన్టీయూ గురజాడ ఏర్పడింది. మీ తర్వాతి బ్యాచ్ పట్టా మీద ఇంకో పేరు ఉన్నా ఆశ్చర్యం లేదు. మీ పట్టా ఎవరిచ్చారో కచ్చితంగా తెలుసుకోండి, ఉన్నది ఉన్నట్టు రాయండి. మిగతా సమయమంతా పని నేర్చుకోవడానికే పెట్టండి.