రోడ్డు ప్రమాదంలో పోయినవారి కుటుంబానికి రావలసినది

ఇచ్ఛాపురం నుండి భోగాపురం దాకా 16వ నంబరు జాతీయ రహదారి పొడవునా మన సంఘాలున్నాయి. ఆ రహదారి మీద, దానిలో కలిసే ఊరి దారుల మీద మనవారు చనిపోతూనే ఉన్నారు. కూలిపనికి చెన్నై, హైదరాబాదు వెళ్లి అక్కడి రోడ్ల మీద ప్రాణం పోగొట్టుకునేవారూ ఉన్నారు. మనం సమాధి కార్యక్రమం జరిపిస్తాం, ఆదరణ కూటం పెడతాం, కానుక పట్టి ఆ ఇంటివారి చేతిలో పెడతాం. ఆ తర్వాత ఆ విధవరాలు ఒక్కతే పోలీసు స్టేషనుకు, కోర్టుకు తిరగాలి. చాలామంది తిరగరు. "ప్రాణానికి వెల కడతామా అయ్యగారూ" అంటారు. "డ్రైవరును క్షమించాం గదా, ఇంక కేసెందుకు" అని విశ్వాసులే అంటారు.

క్షమించడం మంచిదే. అయితే నష్టపరిహారం కేసు డ్రైవరును జైలుకు పంపే కేసు కాదు. క్రిమినల్ కేసు వేరు, ఇది వేరు. రోడ్డెక్కే ప్రతి బండికీ థర్డ్ పార్టీ బీమా ఉండాలని 1988 నాటి మోటారు వాహనాల చట్టం చెబుతోంది. బీమా ఉంటే సాధారణంగా సొమ్ము కట్టేది ఆ కంపెనీయే. గొయ్యి తవ్వి మూత వేయనివాడు అందులో పడిన ఎద్దుకు వెల చెల్లించాలని నిర్గమకాండము 21వ అధ్యాయంలో ఉంది. ఎద్దుకే ఆ లెక్క ఉన్నప్పుడు ఇంటిని పోషించే మనిషి పోతే ఏ లెక్కా వద్దంటామా? కోర్టు ఇప్పించేది ప్రాణానికి వెల కాదు, ఆగిపోయిన సంపాదన.

అర్జీ వేయవలసింది మోటారు ప్రమాదాల క్లెయిముల ట్రిబ్యునల్‌లో. మన జిల్లా కోర్టులే ఆ పని చూస్తాయి. వలస కుటుంబాలు ముఖ్యంగా తెలుసుకోవలసిన సంగతి ఒకటుంది. ప్రమాదం చెన్నైలో జరిగినా భార్యాబిడ్డలు శ్రీకాకుళం జిల్లాలో నివసిస్తుంటే కేసు ఇక్కడే వేయవచ్చు, 166వ సెక్షను ఆ వీలు ఇచ్చింది. అదే సెక్షనులో గడువు కూడా ఉంది. 2022 ఏప్రిల్ 1 నుండి ప్రమాదం జరిగిన ఆరు నెలల లోపు అర్జీ పడాలి. ఈ గడువును సవాలు చేసిన వ్యాజ్యాలు సుప్రీంకోర్టుకు వెళ్లాయి గానీ, వాటిని నమ్ముకుని ఎవరూ ఆగకూడదు. సంవత్సరీకపు కూటం అయ్యాక చూద్దాం అనుకుంటే ఆలస్యమైపోతుంది.

లెక్క ఎలా కడతారో ఒక ఊహా ఉదాహరణతో చెబుతాను. చనిపోయినవాడు 32 ఏళ్ల తాపీ మేస్త్రీ, నెలకు 15,000 సంపాదన, ఇంట్లో భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి. ఏడాదికి 1,80,000. నలభై ఏళ్లలోపువాడు, సొంత పని చేసుకునేవాడు గనుక ముందుముందు పెరిగే ఆదాయం కింద 40 శాతం కలుపుతారు. ఇది 2017లో ప్రణయ్ సేఠీ కేసులో సుప్రీంకోర్టు పెట్టిన లెక్క. 2,52,000 అయింది. ఆధారపడినవారు నలుగురు కాబట్టి అతని సొంత ఖర్చు కింద నాలుగో వంతు తీసేస్తే 1,89,000. అతని వయసుకు గుణకం 16, అది 2009 నాటి సరళా వర్మ తీర్పు. మొత్తం 30,24,000. భర్తను, తండ్రిని, కొడుకును కోల్పోయినందుకు, అంత్యక్రియల ఖర్చుకు ఇచ్చేవి దీనికి అదనం.

ఇప్పుడు నెలకు 15,000 అనడానికి ఏ ఆధారమూ లేదనుకోండి. ట్రిబ్యునల్ తన అంచనాతో 9,000 అని తీసుకుంటే అదే లెక్క 18,14,400 దగ్గర ఆగుతుంది. పన్నెండు లక్షల తేడా! కాంట్రాక్టరు సాక్ష్యం, కూలి డబ్బు పడిన బ్యాంకు పాసుపుస్తకం, ఫోన్‌పేలో వచ్చిన చెల్లింపులు, ఇలాంటివి మొదటి నెలలోనే పోగుచేయాలి. తర్వాత మేస్త్రీలు దొరకరు, ఫోన్లు మారిపోతాయి. చనిపోయింది గృహిణి అయినా ఆమె ఇంటి చాకిరీకి విలువ కట్టాలని 2021లో కీర్తి కేసులో సుప్రీంకోర్టు మరోసారి చెప్పింది. "ఆమెకు సంపాదన లేదు గదా" అని వదిలేయకండి.

ఎఫ్ఐఆర్, పంచనామా, పోస్టుమార్టం నివేదిక, ఛార్జిషీటు, బండి ఆర్సీ, బీమా పాలసీ, డ్రైవరు లైసెన్సు నకళ్లు కావాలి. వీటితోపాటు మన సంఘాల్లో ప్రత్యేకంగా ఒక చిక్కు వస్తుంది. ఆధార్‌లో అప్పలనరసమ్మ, సంఘంలో మరియమ్మ, రేషను కార్డులో మూడో పేరు. భార్య ఈమేనా అని అవతలి వకీలు అడుగుతాడు. అక్కడ సంఘపు వివాహ రిజిస్టరు, బాప్తిస్మపు రిజిస్టరు అక్కరకొస్తాయి. కాపరులు రిజిస్టర్లు సరిగా రాయాలి, పిలిస్తే కోర్టుకెళ్లి సాక్ష్యం చెప్పాలి. ఆదరణ కూటంలో వాక్యం చెప్పినంత అవసరమైన పరిచర్య ఇది.

తొందరపడి సంతకాలు పెట్టించకండి. తప్పు ఎవరిదో నిరూపించనక్కర లేకుండా మరణానికి 5 లక్షలు ఇచ్చే 164వ సెక్షను ఉంది. కానీ బీమా కంపెనీతో రాజీ పద్ధతిలో ఆ సొమ్ము తీసుకుంటే ట్రిబ్యునల్‌లో కేసు రద్దయిపోతుంది. పై మేస్త్రీ లెక్కతో పోల్చి చూడండి. లోక్ అదాలత్ మంచి మార్గమే, త్వరగా తేలుతుంది. అయితే అక్కడ అవార్డయ్యాక అప్పీలు లేదు, కాబట్టి అంకె అడిగి తెలుసుకున్నాకే ఒప్పుకోవాలి. వచ్చినదాంట్లో ఇంత వాటా అని అడిగే వకీలు తన వృత్తి నియమాలనే మీరుతున్నాడు. మధ్యవర్తుల సంగతి చెప్పనే అక్కర్లేదు. స్త్రీలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా వకీలును ఇస్తుంది. 15100కు ఫోను చేసినా దారి చెబుతారు.

గుద్దిన బండి ఏదో తెలియకపోతే? అప్పుడూ 2 లక్షలు వస్తాయి, 161వ సెక్షను కింద. అర్జీ కోర్టులో కాదు, రెవెన్యూ అధికారుల దగ్గర పెట్టాలి. నెల రోజుల్లో బండి దొరకకపోతే ఈ పథకం గురించి కుటుంబానికి పోలీసులే రాతపూర్వకంగా చెప్పాలని 2024 జనవరిలో సుప్రీంకోర్టు ఆదేశించింది. సొంత బండి తానే నడుపుతూ, ఇంకెవరి తప్పూ లేకుండా పడిపోయి చనిపోయిన యజమానికి ట్రిబ్యునల్ కేసు పనికిరాదు. అతని పాలసీలో యజమాని-డ్రైవరు వ్యక్తిగత ప్రమాద బీమా ఉందేమో చూడండి. ఉండి, లైసెన్సు చెల్లుబాటులో ఉంటే 15 లక్షల వరకు వస్తుంది. బండి పత్రాలు బీరువాలోనే ఉన్నా ఈ సంగతి తెలియక అడగని ఇళ్లున్నాయి.

డబ్బు వచ్చిన రోజున బంధువులు చుట్టూ చేరతారు. మైనరు పిల్లల వాటాను వారికి పద్దెనిమిదేళ్లు నిండేదాకా బ్యాంకు ఫిక్సెడ్ డిపాజిట్‌లో ఉంచాలని ట్రిబ్యునళ్లు సాధారణంగా ఆదేశిస్తాయి. విధవరాలి వాటాలోనూ కొంత అలాగే ఉంచి నెలనెలా వడ్డీ తీసుకునేలా కోరవచ్చు. చర్చి కట్టడానికో, బావగారి అప్పుకో ఆ డిపాజిట్ విడిపించమని ఆమెను ఎవరూ అడగకూడదు, సంఘ పెద్దలైనా సరే.