కెరమెరి కొండలు: కాగితం మీద లేని సరిహద్దు.. కథలో ఉంది! జోడేఘాట్ లోయ చరిత్ర ఇదీ

చలికాలం వచ్చిందంటే చాలు.. వాతావరణ వార్తల్లో రెండు పేర్లు కచ్చితంగా వినిపిస్తాయి. ఒకటి గిన్నెధరి, రెండోది సిర్పూర్ (యు). తెలంగాణలో చలి గజగజ వణికించే ఊళ్లివి. రెండూ కుమురం భీం ఆసిఫాబాద్ జిల్లాలోనే ఉన్నాయి. ఈ కొండల నడుమే ఉంది జోడేఘాట్ లోయ. జల్, జంగల్, జమీన్ నినాదం పుట్టిన చోటు ఇదే. ఆ నినాదం అందరికీ తెలుసు. కానీ 'ఈ భూమి మాదే' అని గోండులు అంత గట్టిగా ఎలా చెప్పగలిగారు? అప్పట్లో వాళ్ల చేతిలో పట్టా కాగితం లేదు. మరి ఏముంది?

ఎక్కడుంది ఈ లోయ?

ఆసిఫాబాద్ నుంచి కెరమెరి దాటితే ఘాట్ రోడ్డు మొదలవుతుంది. మలుపు మలుపుకీ ఎత్తు పెరుగుతుంది. సాత్మాల కొండల వరుస ఇది. స్థానికులు సహ్యాద్రి అని కూడా అంటారు. పైకెక్కితే ఉట్నూరు వైపు పీఠభూమి, కిందికి చూస్తే లోయలు, వాగులు. టేకు, మోదుగు, ఇప్ప, తునికి చెట్లు. మధ్యలో చదును చేసిన జొన్న, పత్తి చేలు.

వానాకాలంలో వాగు పొంగితే గూడెం నుంచి బయటికి రావడం కష్టం. ఎండాకాలంలో అదే వాగులో చెలిమ తవ్వుకోవాలి. అంటే ఇక్కడ ఏ నీరు ఎప్పుడు దొరుకుతుంది, ఏ నేల దున్నొచ్చు, ఏ చెట్టు ముట్టుకోకూడదు అన్నది తెలియకపోతే బతకడమే కష్టం. ఈ లెక్కలన్నీ పెద్దల నోట, పూజల్లో, పాటల్లో దాచుకున్నారు.

పాటే రికార్డు

గోండుల్లో వంశాలు నాలుగు పెద్ద శాఖలుగా ఉంటాయి. నాలుగు, ఐదు, ఆరు, ఏడు దేవతల శాఖలు. ఎవరు ఏ శాఖో దాన్ని బట్టే పెళ్లి సంబంధాలు, పూజలు. ఈ వంశాల కథలు పాడేది ప్రధాన్, తోటి తెగల కళాకారులు. ప్రధాన్‌ల చేతిలో కిక్రి అనే తంత్రీ వాద్యం ఉంటుంది. మీ మూలపురుషుడు ఎక్కడి నుంచి వచ్చాడు, ఏ వాగు దాటాడు, దేవతను ఎక్కడ నిలిపాడు.. అన్నీ ఆ పాటలోనే వస్తాయి.

ఆ కథల్లో అన్నింటికంటే పాతది ఓ గుహ కథ. గోండు దేవతలు గుహలో బందీ అవుతారు. పహండి కుపార్ లింగల్ అనే వీరుడు వాళ్లను విడిపించి, వంశాలుగా పంచి, ధర్మం చెబుతాడు. ఈ కథలో జంగుబాయి తల్లిది పెద్ద పాత్ర. కెరమెరి మండలం కోట పరందోళి దగ్గర, మహారాష్ట్ర సరిహద్దులో జంగుబాయి గుహ ఇప్పటికీ ఉంది. పుష్య మాసంలో రెండు రాష్ట్రాల నుంచీ భక్తులు వస్తారు. అటు మహారాష్ట్రలోని గోండియా జిల్లా కచార్‌గఢ్ గుహకూ ఇలాంటి కథే ఉంది. మ్యాప్‌లో రాష్ట్రాల గీత పడింది కానీ, కథకు ఆ గీత లేదు.

అలాగని గోండులకు రాత లేదనుకుంటే పొరపాటే. నార్నూర్ మండలం గుంజాలలో గోండి లిపిలో రాసిన పాత ప్రతులు బయటపడ్డాయి. ఆ లిపికి 'గుంజాల గోండి' పేరుతో 2018లో యూనికోడ్‌లో చోటు దక్కింది. ఇప్పుడది ఫోన్‌లోనూ రాసుకోగలిగే లిపి.

గంగ నీళ్లు తెచ్చే దారి

కథ భూమి మీద ఎలా నిలబడుతుందో చూడాలంటే నాగోబా జాతరే మంచి ఉదాహరణ. ఇంద్రవెల్లి మండలం కేస్లాపూర్‌లో పుష్య అమావాస్య రాత్రి మెస్రం వంశస్తులు మహాపూజ చేస్తారు. అంతకు ముందే వాళ్లు కాలినడకన బయల్దేరి జన్నారం మండలంలోని హస్తినమడుగుకు వెళ్లి, గోదావరి జలం తెస్తారు. తిరుగు దారిలో ఇంద్రాదేవికి పూజ చేసి, కేస్లాపూర్ మర్రిచెట్ల కింద బస చేస్తారు.

కొండ మీది గుడికీ, కింద నదికీ మధ్య ఉన్న ఆ దారిని ఏటా కాళ్లతో కొలుస్తారన్నమాట. వంశంలోకి వచ్చిన కొత్త కోడళ్లను దేవుడికి పరిచయం చేసే 'భేటింగ్' కూడా ఇక్కడే. ఎవరు ఈ వంశం వాళ్లో, ఎక్కడి వాళ్లో వందల మంది ముందు తేలిపోతుంది. ఒక రకంగా ఇదో బహిరంగ రిజిస్టర్.

దీపావళికి జరిగే దండారీ కూడా అంతే. నెమలి ఈకల టోపీలు పెట్టుకున్న గుస్సాడీలు ఒక గూడెం నుంచి మరో గూడేనికి అతిథులుగా వెళ్తారు. ఆ రాకపోకలతోనే ఊళ్ల మధ్య చుట్టరికాలు నిలుస్తాయి. ఈ నృత్యాన్ని తరాలకు నేర్పిన మార్లవాయి వాసి కనకరాజుకు 2021లో పద్మశ్రీ వచ్చింది. 2024 అక్టోబర్‌లో ఆయన కన్నుమూశారు.

1940లో ఏం జరిగింది?

నిజాం సర్కారు అడవిని రిజర్వు చేస్తూ గీతలు గీసింది. తరాలుగా పోడు చేసుకున్న నేల ఒక్కసారిగా 'అటవీ భూమి' అయిపోయింది. పశువులు మేపితే పన్ను, కట్టె కొడితే జరిమానా. మరోవైపు బయటి నుంచి వచ్చిన వాళ్లు పట్టాలు పుట్టించుకున్నారు. గోండుల దగ్గర పాటలున్నాయి, గుహలున్నాయి, సమాధులున్నాయి. ఆఫీసు అడిగింది మాత్రం కాగితం.

అప్పుడు లేచినవాడే కుమురం భీం. 1901లో ఆసిఫాబాద్ దగ్గర్లోని సంకెపల్లిలో పుట్టాడు. బాబేఝరి, జోడేఘాట్ సహా 12 గూడేల భూమి మీద హక్కు కావాలన్నాడు. 1940లో జోడేఘాట్ కొండల్లో నిజాం పోలీసుల కాల్పుల్లో భీంతో పాటు పలువురు సహచరులు ప్రాణాలు కోల్పోయారు. ఆయన వర్ధంతిని ఏటా ఆశ్వయుజ పౌర్ణమి నాడు జోడేఘాట్‌లో జరుపుతారు. ఇంగ్లిష్ క్యాలెండర్ తేదీ కాదు, గూడెం గుర్తుపెట్టుకున్న పున్నమి అది. పాటల్లోకి భీం కూడా చేరిపోయాడు.

కథలు విన్న ఆస్ట్రియా పరిశోధకుడు

భీం మరణం తర్వాత సర్కారు కదిలింది. గోండుల గోడు ఏంటో తెలుసుకోమని ఆస్ట్రియాకు చెందిన మానవ శాస్త్రవేత్త హైమన్‌డార్ఫ్‌ను పంపింది. ఆయన, భార్య బెట్టీ మార్లవాయిలో గుడిసె వేసుకుని ఉన్నారు. గోండి నేర్చుకున్నారు. వంశ కథలు రాసుకున్నారు. 1948లో ఆదిలాబాద్ రాజ్‌గోండుల మీద పుస్తకం తెచ్చారు.

ఆయన చొరవతో గోండి వాచకాలు వచ్చాయి, మార్లవాయిలో టీచర్ల శిక్షణ మొదలైంది, వేల కుటుంబాలకు పట్టాలు దక్కాయి. నాగోబా జాతరలో అధికారులు గిరిజనుల గోడు వినే దర్బార్‌కు బీజం పడింది కూడా 1940ల్లోనే. పాట ఫైల్‌లోకి ఎక్కిన తొలి సందర్భం ఇదేనని చెప్పొచ్చు. ఈ దంపతుల సమాధులు మార్లవాయిలోనే ఉన్నాయి.

కానీ సమస్య అక్కడితో తీరలేదు. భూమి గొడవ మళ్లీ రాజుకుంది. 1981 ఏప్రిల్ 20న ఇంద్రవెల్లిలో పోలీసు కాల్పులు జరిగాయి. సర్కారు లెక్క ప్రకారమే 13 మంది చనిపోయారు.

ఇప్పుడు చట్టం ఏమంటోంది?

అసలు విషయం ఇక్కడే ఉంది. 2006 అటవీ హక్కుల చట్టం కింద వచ్చిన నిబంధనల్లో 13వది చాలామందికి తెలియదు. భూమి తమదని చెప్పడానికి సర్కారీ రికార్డులే కాదు.. పాత బావులు, శ్మశానాలు, పూజించే స్థలాలు, వంశవృక్షం, ఊరి పెద్దల వాంగ్మూలం కూడా ఆధారాలే. అయితే రెండు షరతులు. పెద్దల మాట రాతపూర్వకంగా ఉండాలి, ఆ పెద్ద హక్కు అడిగే వ్యక్తి కాకూడదు. అలాగే ఒక్క ఆధారంతో సరిపెట్టరు, ఒకటికి మించి చూపాలి. గిరిజనులు 2005 డిసెంబర్ 13 నాటికి ఆ భూమి సాగులో ఉండాలి. గరిష్ఠంగా 4 హెక్టార్ల వరకే హక్కు.

తెలంగాణలో 2023 జూన్ 30న పోడు పట్టాల పంపిణీ ఆసిఫాబాద్ నుంచే మొదలైంది. లక్షన్నర మందికి, 4 లక్షల ఎకరాలకు పైగా ఇస్తున్నట్లు ప్రభుత్వం ప్రకటించింది. భీం అడిగిన కాగితం కొందరి చేతికి వచ్చింది. రాని వాళ్లకు మిగిలింది పెద్దల జ్ఞాపకమే.

అందుకే ఓ ప్రధాన్ కళాకారుడు కన్నుమూస్తే పోయేది పాట ఒక్కటే కాదు. ఏ చెట్టు కింద ఏ దేవత, ఏ గట్టు పక్కన ఎవరి తాత సమాధి అన్న లెక్క కూడా పోతుంది. ఆ లెక్క రేపు గ్రామసభ ముందు ఓ కుటుంబానికి ఆధారం కావొచ్చు. గూడెంలో తాతలు చెప్పే కథను ఫోన్‌లో రికార్డు చేసి, పేరు, ఊరు, తేదీతో రాసి పెట్టుకోవడం ఇప్పుడు పెద్ద పనేం కాదు. చేయాల్సింది మాత్రం తాత ఉండగానే.